ఎదుట కూర్చున్నదెవరు?



ఎవరి స్మృతిలో ఇక్కడ కలుసుకున్నామో ఆ మాస్టారి శిష్యులు ఈ హాల్లో చాలామంది ఉన్నారు. ఆయన గురించి నాకన్నా వాళ్లకే ఎక్కువ తెలుసు. అందుకని ఒక్క సంగతి చెప్పి నా విషయంలోకి వెళతాను. ఆయన దగ్గర ఆడపిల్లలకు వేరే బల్ల ఉండేది కాదు. వచ్చిన వరసలో కూర్చోవాలి, ఎదుట ఎవరుంటే వాళ్లతో ఆడాలి. ఓడిన పిల్లను ఓదార్చి ఇంటికి పంపేవారు కాదు. ఓడించినవాడితోనే మరో ఆట ఆడించేవారు. ఈ పద్ధతి గురించి ఆయన ఎక్కడా రాయలేదు గాని, స్త్రీల చదరంగం వందేళ్ల చరిత్ర మొత్తం ఆ పద్ధతినే బలపరుస్తోంది. గ్రాండ్‌మాస్టర్ బిరుదు దాకా స్త్రీలు ఎలా వచ్చారు, తమకు సాటి వచ్చేవాళ్లు, తమను మించినవాళ్లు వాళ్లకు ఎక్కడ దొరికారు, దొరకనప్పుడు ఏమైంది అన్నదే ఈ సాయంత్రం నేను చెప్పదలచుకున్నది.

బిరుదు సంగతి ముందు చూద్దాం. అంతర్జాతీయ చదరంగ సమాఖ్య ఫిడే 1924లో పారిస్‌లో పుట్టింది. గ్రాండ్‌మాస్టర్ అనే మాట పత్రికల్లో అంతకు ముందు నుంచే ఉన్నా, ఫిడే దాన్ని అధికారికంగా ఇవ్వడం మొదలుపెట్టింది 1950లో. ఆ మొదటి జాబితాలో 27 మంది ఉన్నారు, అందరూ పురుషులే. అదే ఏడాది 17 మంది స్త్రీలకు మహిళా ఇంటర్నేషనల్ మాస్టర్ అని వేరే బిరుదు ఇచ్చారు. 1976లో మహిళా గ్రాండ్‌మాస్టర్ అనే మెట్టు కూడా వచ్చింది. ఈ మహిళా బిరుదుకు 2300 రేటింగ్ చాలు. అసలు గ్రాండ్‌మాస్టర్ కావాలంటే 2500 దాటాలి. రెండింటికీ మధ్య రెండు వందల పాయింట్ల దూరం. ఆ రెండు వందలు దాటడానికి కొందరికి పదేళ్లు పట్టింది, చాలామంది దాటనే లేదు.

రేటింగ్ ఒక్కటే చాలదు, నార్మ్‌లు కూడా కావాలి. మామూలుగా మూడు నార్మ్‌లు, అన్నీ కలిపి కనీసం 27 ఆటలు. ఒక టోర్నమెంటులో 2600 స్థాయిలో ఆడితే ఒక నార్మ్ వస్తుంది. తల్లిదండ్రులు చాలామంది గమనించని నిబంధన ఇంకొకటి ఉంది. ఆ టోర్నమెంటులో మీకు ఎదురుపడ్డవాళ్లలో కనీసం మూడోవంతు గ్రాండ్‌మాస్టర్లు అయి ఉండాలి. గ్రాండ్‌మాస్టర్లు లేని పోటీలో అన్ని ఆటలూ గెలిచినా నార్మ్ చేతికి రాదు. అంటే ఈ బిరుదు ఒంటరిగా సంపాదించుకునేది కాదు. గొప్పవాళ్లు మీ ఎదుటి కుర్చీలో కూర్చోవాలి. వాళ్లు కూర్చునే హాల్లోకి మిమ్మల్ని రానివ్వాలి. అక్కడిదాకా వెళ్లడానికి రైలు, విమానం ఖర్చులు ఎవరైనా పెట్టుకోవాలి. ప్రతిభ ఆ తర్వాతి మాట.

ఇప్పుడు వేరా మెంచిక్ దగ్గరికి వెళదాం. 1906లో మాస్కోలో పుట్టింది. తండ్రి చెక్ దేశస్థుడు, తల్లి ఆంగ్లేయురాలు. తొమ్మిదేళ్ల వయసులో తండ్రి ఆట నేర్పాడు. విప్లవం తర్వాత ఆ సంసారం చెదిరిపోయింది. 1921లో తల్లి, ఇద్దరు కూతుళ్లు ఇంగ్లండు చేరి హేస్టింగ్స్ అనే సముద్రతీరపు ఊళ్లో స్థిరపడ్డారు. ఇంగ్లిష్ సరిగా రాని ఆ అమ్మాయికి, మాటతో పనిలేని చదరంగం పెద్ద ఆసరా అయింది. అదృష్టం ఏమిటంటే, ఆ ఊరు మామూలు ఊరు కాదు. 1895 నాటి మహా టోర్నమెంటు నుంచి చదరంగ ప్రపంచంలో హేస్టింగ్స్‌కు పేరుంది. అక్కడి క్లబ్బులో ఆడింది, హంగరీ దిగ్గజం గేజా మరోట్సీ దగ్గర పాఠాలు నేర్చుకుంది. 1927లో లండన్‌లో జరిగిన మొదటి మహిళా ప్రపంచ పోటీలో పదకొండు ఆటలు ఆడి పది గెలిచి, ఒకటి డ్రా చేసింది. అప్పటినుంచి చనిపోయేదాకా, పదిహేడేళ్లు, ఆ కిరీటం ఆమెదే.

స్త్రీల పోటీలో ఆమెకు సాటి లేరన్నది ఒక మాట. నాకు ముఖ్యమైనది మరొకటి. 1929లో కార్ల్స్‌బాద్‌లో ఇరవై ఇద్దరు ఉద్దండులు ఆడిన టోర్నమెంటుకు ఆమెను పిలిచారు. వియన్నా ఆటగాడు ఆల్బర్ట్ బెకర్, ఈమె చేతిలో ఓడినవాళ్లందరినీ వేరా మెంచిక్ క్లబ్బులో సభ్యులుగా చేర్చాలని వేళాకోళం చేశాడు. ఆ క్లబ్బులో మొదటి సభ్యుడు ఆయనే అయ్యాడు. ఈ కథ అందరూ చెప్పుకుంటారు. చెప్పనిది ఏమిటంటే, ఆ టోర్నమెంటులో ఆమె ఆఖరి స్థానంలో నిలిచింది. ఇరవై ఒక్క ఆటల్లో మూడు పాయింట్లు. పదిహేడు ఓటములు! రెండూ కలిపి చెబితేనే కథ పూర్తవుతుంది. అదే ఏడాది ఇంగ్లండులోని రామ్స్‌గేట్‌లో కపబ్లాంకా మొదటి స్థానంలో నిలిస్తే, అర పాయింటు వెనక రెండో స్థానాన్ని రూబిన్‌స్టైన్‌తో పంచుకున్నది ఈ మెంచికే. గురువు మరోట్సీ కూడా ఆమె వెనకే మిగిలాడు. ఒకే ఏడాదిలో అంత ఎత్తు, అంత పల్లం చూసిన మనిషి మర్నాడు మళ్లీ బోర్డు ముందు కూర్చుంది. ఆ పదిహేడు ఓటములు ఆమెకు దక్కడమే గొప్ప అని నేనంటాను. అంతకు ముందు ఏ స్త్రీకీ అలాంటివాళ్ల చేతిలో ఓడిపోయే అవకాశమైనా దొరకలేదు.

ఆ క్లబ్బులో తర్వాత చేరినవాళ్లలో మన ఉపఖండం మనిషి ఒకాయన ఉన్నాడు. పంజాబుకు చెందిన సుల్తాన్ ఖాన్. సర్ ఉమర్ హయాత్ ఖాన్ పరివారంలో 1929లో ఇంగ్లండు వెళ్లి, అదే ఏడాది బ్రిటిష్ చాంపియన్ అయ్యాడు. 1932, 1933లలో మళ్లీ గెలిచాడు. అదే పరివారంలో పనిచేసిన ఫాతిమా అనే యువతి 1933లో బ్రిటిష్ మహిళా చాంపియన్ అయింది. ఆమె గురించి మనకు మిగిలింది బహు కొద్ది. ఇంటి పనిమనిషిగా వెళ్లిన అమ్మాయి చాంపియన్ అయిందంటే, ఆ ఇంట్లో సుల్తాన్ ఖాన్ అంతటివాడు ఎదుట కూర్చునేవాడన్న సంగతి ముందు నాకు గుర్తొస్తుంది. సుల్తాన్ ఖాన్ 1966 దాకా బతికాడు గాని, గ్రాండ్‌మాస్టర్ బిరుదు ఆయన్ను చేరలేదు. ఫిడే గౌరవ గ్రాండ్‌మాస్టర్ అని ప్రకటించింది 2024లో. మెంచిక్ అయితే 1944 జూన్‌లో లండన్ మీద పడ్డ జర్మన్ వి-1 బాంబుకు తల్లితో, చెల్లెలితో సహా బలైంది. బిరుదులు పంచడం మొదలయ్యేసరికి ఆమె లేదు.

మెంచిక్ క్లబ్బులో మరో సభ్యుడు మాక్స్ యూవే. ఈ డచ్ లెక్కల మాస్టారు హేస్టింగ్స్‌లో రెండుసార్లు ఆమె చేతిలో ఓడాడు. 1935లో అలెఖిన్‌ను ఓడించి ప్రపంచ చాంపియన్ అయ్యాడు. 1970లో ఫిడే అధ్యక్షుడయ్యాడు. ఆయన అధ్యక్షుడిగా ఉండగా, 1976లో మన దేశం నుంచి ఒక తగువు ఆయన దగ్గరికి వెళ్లింది. ముంబయికి చెందిన ఖాడిల్కర్ అక్కచెల్లెళ్లలో చిన్నది రోహిణి, పదమూడేళ్ల పిల్ల, జాతీయ పురుషుల చాంపియన్‌షిప్‌లో ఆడింది. ఆడపిల్ల ఎలా ఆడుతుందని గొడవ లేచింది. విషయం హైకోర్టు దాకా వెళ్లింది. జాతీయ, అంతర్జాతీయ పోటీల నుంచి స్త్రీలను స్త్రీలన్న కారణంతో మినహాయించడానికి వీల్లేదని యూవే తీర్పు చెప్పాడు. ఆ తీర్పు చెప్పేటప్పుడు ఆయనకు హేస్టింగ్స్ ఆటలు గుర్తుకొచ్చాయో లేదో ఎవరూ చెప్పలేరు. కానీ మెంచిక్‌తో తలపడి, ఓడి, ఆమె బలం ఎంతటిదో తెలిసిన మనిషి ఆ కుర్చీలో ఉండడం మన అదృష్టం. ఈ దేశంలో తర్వాత పుట్టిన ప్రతి ఆడపిల్లకూ ఆ తలుపు అప్పటికే తెరిచి ఉంది. మన గ్రాండ్‌మాస్టర్లు హంపి, హారికల గురించి మాట్లాడేటప్పుడు రోహిణీ ఖాడిల్కర్ పేరు మనం తలుచుకోవడం లేదు. అది నాకు కష్టం కలిగించే విషయం.

అక్కడినుంచి కాకసస్ పర్వతాల దిగువన ఉన్న జార్జియాకు రండి. అప్పట్లో సోవియట్ రిపబ్లిక్. నోనా గప్రిందాష్విలీ 1941లో జుగ్దీది అనే పట్నంలో పుట్టింది. అన్నదమ్ముల మధ్య ఆడుతూ పెరిగింది. వఖ్తాంగ్ కర్సెలాజే అనే శిక్షకుడు ఆమెను తబిలిసీకి రప్పించి తీర్చిదిద్దాడు. 1962లో, ఇరవై ఒక్క ఏళ్లకే, మహిళా ప్రపంచ చాంపియన్ ఎలిజవేతా బైకోవాను 9–2తో ఓడించింది. ఆ పోటీలో ఒక్క ఆట కూడా ఓడలేదు. జార్జియాలో ఆ విజయం చేసినంత పని ఏ ప్రభుత్వ పథకమూ చేయలేదు. ఇంటింటా ఆడపిల్లకు బోర్డు కొనిపెట్టారు. పెళ్లికూతురితో పాటు చదరంగం బోర్డు కూడా అత్తవారింటికి పంపే ఆచారం అక్కడ పాతదే అని చెబుతారు. ఆ బోర్డు ఇప్పుడు పోటీ హాలుకు కూడా వచ్చింది. తబిలిసీలో ఆమె పేర చదరంగ భవనమే కట్టారు. 1962 నుంచి 1991 దాకా, నోనా దగ్గర పదహారేళ్లు, ఆమెను ఓడించిన మాయా చిబుర్దనిజే దగ్గర పదమూడేళ్లు, మహిళా కిరీటం జార్జియా దాటి పోలేదు. 1982 ఒలింపియాడ్‌లో సోవియట్ మహిళా జట్టు నలుగురూ జార్జియన్లే. సోవియట్ యూనియన్ విడిపోయాక ఆ చిన్న దేశం 1992, 1994, 1996 ఒలింపియాడ్లలో వరసగా మూడు స్వర్ణాలు గెలుచుకుంది.

నోనా పురుషులతో విరివిగా ఆడింది. 1977లో అమెరికాలోని లోన్ పైన్ టోర్నమెంటులో మొదటి స్థానాన్ని మరో ముగ్గురితో పంచుకుంది. మరుసటి ఏడాది ఫిడే ఆమెకు గ్రాండ్‌మాస్టర్ బిరుదు ఇచ్చింది. ప్రపంచంలో ఆ బిరుదు అందుకున్న మొదటి స్త్రీ ఆమే. యూవే అధ్యక్ష పదవి నుంచి దిగిపోయిందీ ఆ ఏడాదే.

ఇంత చేసిన మనిషి గురించి 2020లో నెట్‌ఫ్లిక్స్ ప్రసారం చేసిన ఒక ప్రసిద్ధ సీరియల్, ద క్వీన్స్ గ్యాంబిట్, ఆమె ఎన్నడూ పురుషులతో తలపడలేదని ఒక పాత్రచేత చెప్పించింది. ఆ సన్నివేశం నడిచేది 1968లో. అప్పటికే ఆమె కనీసం 59 మంది పురుషులతో ఆడి ఉంది. ఎనభయ్యేళ్ల వయసులో ఆమె నెట్‌ఫ్లిక్స్ మీద లాస్ ఏంజెలెస్ ఫెడరల్ కోర్టులో దావా వేసింది. 2022లో రాజీ కుదిరింది. ఆ వయసులో అంత పోరాటం ఎందుకని కొందరన్నారు. నేను ఆమె పక్షమే. కల్పిత కథానాయిక గొప్పతనం చూపడానికి, నిజంగా ఆ బోర్డుల ముందు కూర్చున్న మనిషి జీవితాన్ని చెరిపేశారు. ఆమె జీవితానికి అర్థమంతా ఆ కుర్చీల్లోనే ఉంది.

హంగరీ పోల్గార్ అక్కచెల్లెళ్ల గురించి మీకు కొంత తెలుసు. తండ్రి లాస్లో పోల్గార్, ప్రతిభ పుట్టుకతో రాదు, పెంపకంతో వస్తుందని నమ్మి ముగ్గురు కూతుళ్లనూ బడికి పంపకుండా ఇంట్లోనే చదివించాడు, చదరంగం నేర్పించాడు. మహిళల పోటీలకు పరిమితం చేయనివ్వలేదు. దానికి పెద్దమ్మాయి జూజా, మనం సుసాన్ అంటాం, గట్టి మూల్యమే చెల్లించింది. 1987 జనవరి రేటింగ్ జాబితాలో ఫిడే స్త్రీలందరికీ తలా వంద పాయింట్లు ఉచితంగా కలిపింది. సుసాన్‌కు తప్ప. ఆమె పురుషులతో ఆడి సంపాదించుకుంది కాబట్టి ఆమె రేటింగ్ సరైనదే, మిగతావాళ్లది తక్కువగా లెక్కకట్టబడిందట! ఆ ఒక్క దెబ్బతో మొదటి స్థానం ఆమె చేయి జారి చిబుర్దనిజేకు వెళ్లింది. బలవంతులతో ఆడినందుకు వేసిన శిక్షగానే దాన్ని చూడాలి. ఆమె మాత్రం ఆగలేదు. 1991లో మామూలు పద్ధతిలో, నార్మ్‌లు పూర్తి చేసి గ్రాండ్‌మాస్టర్ అయిన మొదటి స్త్రీ అయింది. అదే ఏడాది డిసెంబరులో చెల్లెలు యూదిత్, అంటే మన పత్రికల్లో జూడిత్, పదిహేనేళ్ల నాలుగు నెలలకు గ్రాండ్‌మాస్టరై, అతి పిన్న గ్రాండ్‌మాస్టర్‌గా బాబీ ఫిషర్ పేరనున్న రికార్డును బద్దలుకొట్టింది. జూడిత్ మహిళా ప్రపంచ చాంపియన్‌షిప్ కోసం ఎన్నడూ ఆడలేదు. 2005లో 2735 రేటింగ్‌తో మొత్తం ప్రపంచంలో ఎనిమిదో స్థానానికి చేరింది. ఆ ఎత్తును మరే స్త్రీ ఇప్పటిదాకా అందుకోలేదు.

ఇక మన ఇంటి సంగతి.

కోనేరు హంపి 1987 మార్చి 31న గుడివాడలో పుట్టింది. జూడిత్ ఫిషర్ రికార్డు బద్దలుకొట్టేసరికి నాలుగేళ్ల పిల్ల. తండ్రి అశోక్ గారు రసాయనశాస్త్రం అధ్యాపకులు, తానూ చదరంగం ఆడేవారు. కూతురి చేతిలో ఆట ఉందని గ్రహించాక ఉద్యోగం వదిలేసి ఆమెకు గురువయ్యారు. 1997లో పదేళ్ల లోపు బాలికల ప్రపంచ చాంపియన్, 1998లో పన్నెండేళ్ల లోపు, 2000లో పద్నాలుగేళ్ల లోపు. ఈ పతకాల వరస పత్రికల్లో చాలాసార్లు వచ్చింది. నేను గుర్తుచేయదలచుకున్నది వాటి మధ్యలో పడి మరుగైపోయిన ఏడాది. 1999లో అహ్మదాబాద్‌లో ఆసియా పోటీలు జరిగితే, పన్నెండేళ్ల లోపు విభాగంలో ఆమె అబ్బాయిలతో ఆడి గెలిచింది. అప్పటికే బాలికల్లో రెండు ప్రపంచ పతకాలున్న పిల్లను, హాయిగా మూడోది తెచ్చుకునే దారి వదిలి, అబ్బాయిల బోర్డు ముందు కూర్చోబెట్టాలంటే ఆ తండ్రికి ఎంత నిబ్బరం ఉండాలి!

2001లో ఏథెన్స్‌లో ప్రపంచ జూనియర్ బాలికల కిరీటం. ఆ ఏడాదే గుంటూరు కుర్రాడు పెంటాల హరికృష్ణ గ్రాండ్‌మాస్టర్ అయ్యాడు. మరుసటి ఏడాది మే నెలలో, బుడాపెస్ట్‌లో జరిగిన ఎలెకెష్ టోర్నమెంటులో, హంపి ఆఖరి నార్మ్ పూర్తి చేసింది. పదిహేనేళ్ల ఒక నెల ఇరవై ఏడు రోజులు. జూడిత్ రికార్డును మూడు నెలల తేడాతో, జూడిత్ ఊళ్లోనే దాటింది. భారతదేశంలో గ్రాండ్‌మాస్టర్ అయిన మొదటి స్త్రీ, అప్పటికి ప్రపంచంలోనే అతి పిన్న వయసులో ఆ బిరుదు పొందిన స్త్రీ. 2007లో 2600 దాటింది. జూడిత్ తర్వాత ఆ గీత దాటిన స్త్రీ మన హంపే.

ఆ తర్వాతి దశ గురించి మనవాళ్లు తక్కువ మాట్లాడతారు. 2008లో నల్చిక్‌లో ప్రపంచ చాంపియన్‌షిప్ సెమీఫైనల్. ఎదుట హౌ యీఫాన్, చైనా పిల్ల, హంపి కన్నా ఏడేళ్లు చిన్నది. హంపి ఓడింది. ఆ ఏడాదే హౌ యీఫాన్ పద్నాలుగేళ్లకు గ్రాండ్‌మాస్టరై హంపి రికార్డు కూడా తీసుకుంది. 2010లో టర్కీలో మళ్లీ సెమీఫైనల్, మళ్లీ హౌ, మళ్లీ ఓటమి. 2011లో అల్బేనియా రాజధాని టిరానాలో ఇద్దరి మధ్య నేరుగా కిరీటం పోటీ. మూడు ఓటములు, అయిదు డ్రాలు, 5.5–2.5తో ముగిసింది. ఇందులో హంపి లోపం వెతకడం తేలిక. నాకు కనబడేది వేరు. చైనా తన ఆడపిల్లలను జాతీయ శిబిరంలో గ్రాండ్‌మాస్టర్ల మధ్య ఉంచి పెంచింది. హంపికి ఉన్నది ఇంట్లో తండ్రి, ఓఎన్‌జీసీ ఉద్యోగం ఇచ్చిన ఆర్థిక భద్రత, సంవత్సరానికి కొన్ని పెద్ద టోర్నమెంట్లు. ఎదురు ప్రవాహం లేని నీళ్లలో ఎంత ఈదినా కొంత బలమే వస్తుంది. మిగతాది రోజూ మీ మీద గెలవగలిగేవాళ్లు పక్క గదిలో ఉంటేనే వస్తుంది. మన దేశంలో ఆ తరానికి అలాంటి గది లేదు.

2014లో పెళ్లయింది. 2017లో పాప పుట్టింది. రెండేళ్లు బోర్డుకు దూరం. చదరంగంలో రెండేళ్లంటే చిన్న విషయం కాదు. ఓపెనింగులు మారిపోతాయి, కంప్యూటర్లు పాత విశ్లేషణలను కొట్టిపారేస్తాయి, చేతికి గడియారం అలవాటు తప్పుతుంది. 2018లో జార్జియాలోని బటూమీ ఒలింపియాడ్‌తో తిరిగి వచ్చింది. 2019 డిసెంబరులో మాస్కోలో ప్రపంచ మహిళా ర్యాపిడ్ చాంపియన్‌షిప్. ర్యాపిడ్‌లో పెద్ద ఆటలా ఆలోచించే వ్యవధి ఉండదు. చంటిపిల్ల తల్లికి గెలిచే అవకాశం ఎక్కడని అనుకున్నవాళ్లున్నారు. లే టింగ్‌జియేతో ప్లేఆఫ్‌లో మొదటి ఆట ఓడి, రెండోది గెలిచి, డ్రా అయితే నల్లపావులకే గెలుపు దక్కే ఆర్మగెడాన్ ఆటలో నల్లపావులతో డ్రా చేసుకుని కిరీటం తీసుకుంది. 2024 డిసెంబరులో న్యూయార్క్‌లో మళ్లీ అదే కిరీటం. ఆ పోటీలో మొదటి రౌండే ఓడింది! పదకొండు ఆటల్లో ఎనిమిదిన్నర పాయింట్లు చేసి, చివరి రౌండులో ఇండోనేషియాకు చెందిన ఐరీన్ సుకందర్‌ను నల్లపావులతో ఓడించి నెగ్గింది. అప్పటికి ఆమెకు ముప్పై ఏడేళ్లు. పసితనపు పతకాల కన్నా, పదిహేనేళ్లప్పటి రికార్డు కన్నా, నా దృష్టిలో ఈ రెండు కిరీటాలే హంపి గొప్పతనానికి గట్టి సాక్ష్యం.

హారిక సంగతి చెప్పకుండా ముందుకు వెళ్లలేను. గుంటూరు జిల్లా గోరంట్లలో పుట్టిన ద్రోణవల్లి హారిక 2011లో గ్రాండ్‌మాస్టర్ అయింది, దేశంలో హంపి తర్వాత రెండో స్త్రీ. హంపి వెలుగులో ఆమెకు రావాల్సినంత పేరు రాలేదు. 2012, 2015, 2017 ప్రపంచ చాంపియన్‌షిప్‌లు మూడింటిలోనూ సెమీఫైనల్ దాకా వెళ్లి కాంస్యాలతో తిరిగొచ్చింది. 2022 చెన్నై ఒలింపియాడ్‌లో నెలలు నిండిన గర్భంతో బోర్డు ముందు కూర్చుంది. జట్టుకు కాంస్యం వచ్చింది. 2024లో బుడాపెస్ట్‌లో హారిక, వైశాలి, దివ్య దేశ్‌ముఖ్, వంతిక అగర్వాల్, తానియా సచ్‌దేవ్ కలిసి స్వర్ణం తెచ్చారు. అక్కడే గుకేశ్, ప్రజ్ఞానంద, వరంగల్ యువకుడు అర్జున్ ఇరిగేశి, విదిత్, హరికృష్ణలున్న ఓపెన్ జట్టూ స్వర్ణం గెలిచింది. రెండు జట్ల ఫలితాలు కలిపి అందరికన్నా మెరుగ్గా ఉన్న దేశానికి ఫిడే ఇచ్చే ట్రోఫీ ఒకటుంది. దాని పేరు గప్రిందాష్విలీ ట్రోఫీ. 2022లోనూ, 2024లోనూ అది మనకే వచ్చింది. మగపిల్లల ఫలితం, ఆడపిల్లల ఫలితం ఒకే లెక్కలో కలిపే ఆ ట్రోఫీకి నోనా కన్నా తగిన పేరు దొరకదు.

2025 జూలై. ప్రపంచ మహిళా కప్ బటూమీలో, నోనా దేశంలోనే జరిగింది. క్వార్టర్ ఫైనల్స్ చేరిన ఎనిమిది మందిలో నలుగురు భారతీయులు: హంపి, హారిక, వైశాలి, దివ్య. ఫైనల్ హంపికీ నాగపూర్ అమ్మాయి దివ్యకూ మధ్య. ఒకరికి ముప్పై ఎనిమిది, మరొకరికి పంతొమ్మిది. హంపి గ్రాండ్‌మాస్టర్ అయిన నాటికి దివ్య ఇంకా పుట్టలేదు. మొదటి రెండు ఆటలూ డ్రా. టైబ్రేక్‌లో మొదటిది డ్రా, రెండోది దివ్య నల్లపావులతో గెలిచింది. అంతవరకు ఒక్క గ్రాండ్‌మాస్టర్ నార్మ్ కూడా లేని అమ్మాయికి ఆ కప్ గెలవడంతోనే, నిబంధన ప్రకారం, బిరుదు నేరుగా దక్కింది. దేశంలో 88వ గ్రాండ్‌మాస్టర్, స్త్రీలలో నాలుగో వ్యక్తి. దివ్యకు ఆ బిరుదు తేలిగ్గా వచ్చిందని కొందరు గొణిగారు. నేను ఒప్పుకోను. ఆ దారిలో ఆమె హారికను ఓడించింది, చివర్లో హంపిని ఓడించింది. అంతకు ఇరవై మూడేళ్ల ముందు హంపి గ్రాండ్‌మాస్టర్ల కోసం బుడాపెస్ట్ వెళ్లాల్సి వచ్చింది. దివ్యకు గ్రాండ్‌మాస్టర్లు స్వదేశీ జట్టులోనే దొరికారు. ఆ గది లేదని ఇందాక అన్నానే, ఆ గదిని మనకు కట్టిపెట్టింది హంపి, హారికలే.

అయినా లెక్కలు చూస్తే పని చాలా మిగిలి ఉంది. 2025 జూలై నాటికి ప్రపంచంలో రెండు వేల మందికి పైగా గ్రాండ్‌మాస్టర్లయితే, వాళ్లలో స్త్రీలు నలభై నలుగురు. ఆడపిల్లల మెదడు తీరే అంత అనేవాళ్లు ఇంకా ఉన్నారు. కానీ పోటీల్లోకి వచ్చేవాళ్లలోనే స్త్రీలు పదిమందికి ఒకరు. అంత చిన్న గుంపు నుంచి పైమెట్టు మీదికి ఎంతమంది చేరగలరు? పైగా డబ్బు సంగతి ఉంది. 2023లో బాకూలో ప్రపంచ కప్ ఓపెన్, మహిళా విభాగాలు ఒకేచోట జరిగాయి. ఓపెన్ విజేతకు 1,10,000 డాలర్లు, మహిళా విజేతకు 50,000. సగం కన్నా తక్కువ. ఆ సొమ్ములోంచే శిక్షకుడి జీతం, ప్రయాణం, పసిబిడ్డ తల్లి అయితే బిడ్డతో పాటు వచ్చే మనిషి ఖర్చు అన్నీ రావాలి.

అలాగని మహిళా టోర్నమెంట్లు, మహిళా బిరుదులు రద్దు చేయాలనేవాళ్లతోనూ నేను ఏకీభవించను. ఆ బహుమతులే లేకపోతే చాలామంది అమ్మాయిలు ఇరవై ఏళ్లు నిండకముందే ఆట మానేసి వేరే దారి చూసుకునేవాళ్లు. మహిళా గ్రాండ్‌మాస్టర్ బిరుదు చేతికొచ్చాక అక్కడే ఆగిపోతున్నారే, అది నా బాధ. 2300 దాటిన పిల్లను ఊరంతా సన్మానిస్తాం, ఫ్లెక్సీలు కడతాం, అక్కడితో వదిలేస్తాం. ఆ రెండు వందల పాయింట్ల దూరంలో తోడు రావలసినవాళ్లం అప్పుడే వెనక్కి వచ్చేస్తాం.

ఈ సభలో జిల్లా సంఘాల బాధ్యులు ఉన్నారు కాబట్టి ఒక అభ్యర్థన. చాలాచోట్ల ఓపెన్ విభాగం, బాలికల విభాగం ఒకే రోజుల్లో, ఒకే గంటలకు పెడుతున్నారు. అప్పుడు బలమైన ఆడపిల్ల ఏదో ఒకటే ఎంచుకోవాలి. పతకం ఎక్కడ సులువో అక్కడికే తల్లిదండ్రులు పంపుతారు. వాళ్లను తప్పుపట్టలేం, సర్టిఫికెట్టు విలువ వాళ్లకు తెలుసు. తేదీలు వేరు చేయండి. బాలికల పోటీ ఒక వారం, ఓపెన్ పోటీ మరో వారం. మొదటి దాంట్లో పతకం తెచ్చుకున్న పిల్లకు రెండో దాంట్లో ప్రవేశ రుసుము మాఫీ చేయండి. ఎక్కువ డబ్బుతో పనిలేదు, హాలు మరో రెండు రోజులు దొరికితే చాలు. మాస్టారి స్మారక నిధి నుంచి ఆ రెండు రోజుల అద్దె భరించడానికి వీలవుతుందేమో నిర్వాహకులు ఆలోచించాలని కోరుతున్నాను.